మూతలో తెల్లనీళ్లు

"మీ పిల్లి ఒంటికి పోతలేదమ్మా," అంది మార్తమ్మ గోడ అవతలినుంచి.

ఆదివారం, పొద్దున ఎనిమిది. మార్తమ్మ చర్చికి వెళ్ళే తెల్లచీరలో ఉంది. చంకలో బైబిలు. గేటు బయట ఆమె భర్త జక్కయ్య ఆటో స్టార్ట్ చేసి, హారన్ మీద చెయ్యి పెట్టుకుని కూర్చున్నాడు. ఇవతల బట్టలారేస్తున్న లలితకుమారికి ఆ మాట వినగానే ఒళ్ళు మండింది. మంచీ లేదు, మర్యాదా లేదు, పొద్దున్నే పలకరింపు ఇదా? పెట్టింది ఒంటికి పట్టడం లేదట! అంటే సరిగ్గా పెట్టడం లేదనేగా?

ఈ మాట భర్త గోపాలరావు కూడా అంటాడు. దొరబాబు ఎంత తిన్నా పక్కటెముకలు లెక్కపెట్టేట్టే ఉంటాడు. పిల్లికి ఆ పేరు పెట్టింది కూడా ఆయనే. "నీ వంట వాడి ఒంటికీ పట్టలేదే లలితా," అని నవ్వుతాడు. మొగుడు అన్నాడంటే అది వేరు. గోడవతల మనిషికేం పని?

"మూడు పూటలా ప్యాకెట్టు గింజలూ, చేపముక్కా పెడుతున్నాం మార్తమ్మా. దొరబాబుకి మా ఇంట్లో ఏం లోటు లేదు," అంది గట్టిగా.

"పెట్టుడు గాదమ్మా నేననేది. మా ఉస్కెల కూసుంటాంది, లేస్తాంది, మల్ల కూసుంటాంది..."

"ఇసుకలోకొస్తే తోలెయ్. దానికింత రాద్ధాంతం ఎందుకు?"

జక్కయ్య హారన్ కొట్టాడు. మార్తమ్మ రెండడుగులు వేసి, వెనక్కి తిరిగి, "జర జూస్కోండ్రి," అనేసి ఆటో ఎక్కింది.

జర జూస్కోండ్రి! తమ కాకినాడలో ఎవరైనా "చూసుకోండి" అని వేలు చూపించి వెళ్ళారంటే దానికి అర్థం ఒకటే, బెదిరింపు. మార్తమ్మ వేలు చూపించిందో లేదో లలితకుమారికి సరిగ్గా గుర్తులేదు. చూపించినట్టే అనిపించింది.

లాల్‌గడి మలక్‌పేట్ శివారులో ఆ లేఅవుట్ వేసి నాలుగేళ్ళయింది. ఇళ్ళు పాతిక దాటలేదు. మిగతావన్నీ రాళ్ళు పాతిన ప్లాట్లు. పక్కింటి ఓనరు మధుసూదన్ కౌకూర్‌లో ఉంటాడు. కింది రెండు గదులు జక్కయ్య దంపతులకి అద్దెకిచ్చి, పైన ఇంకో అంతస్తు కట్టిస్తున్నాడు. సిమెంటు బస్తాలకి కాపలా కాయడం, కొత్త గోడలకి రెండు పూటలా పైపుతో నీళ్ళు కొట్టడం మార్తమ్మ పని. గోడని ఆనుకుని లారీడు ఇసుక. దొరబాబు ఇంట్లో ఎప్పుడూ పాడుచెయ్యడు. వాడి అవసరాలన్నీ ఆ ఇసుక కుప్ప మీదే తీరతాయి. ఆ విషయంలో లలితకుమారికి కాస్త గర్వం కూడాను. ఎంత శుభ్రమైన పిల్లి!

మేస్త్రీ భాస్కర్‌కి మాత్రం ఆ శుభ్రం నచ్చలేదు. కిందటి వారం ఇసుక జల్లిస్తుంటే చేతికేదో తగిలిందని తిట్లు లంకించుకున్నాడు. అప్పుడు మార్తమ్మ చీపురు పుచ్చుకుని, "దొరనట దొర! మా దిక్కు దొరలను ఎప్పుడో ఎల్లగొట్టినం. నీ పని వడ్త ఉండు!" అంటూ పిల్లి వెంటపడింది. నవ్వుతూనే అంది. కానీ నవ్వుతూ అన్నంత మాత్రాన మనసులో లేదని ఎవరు చెప్పొచ్చారు?

ఆ మధ్యాహ్నం దొరబాబు చేప ముట్టలేదు. బాత్రూములోకి వెళ్ళి తూము దగ్గర వంగి కూర్చున్నాడు. లేచాడు. గుమ్మంలో గోనెపట్టా మీద కూర్చున్నాడు. మళ్ళీ లేచాడు. తోక కింద అదేపనిగా నాక్కుంటూ, మధ్యమధ్య ఒక అరుపు అరిచాడు. అన్నానికి అరిచే అరుపు కాదది. కడుపులోంచి పట్టి లాగుతుంటే వచ్చే అరుపు.

"మలబద్ధకమేమోనే," అన్నాడు గోపాలరావు పేపరు దించకుండా. "చెంచాడు నెయ్యి పట్టు."

పట్టింది. వాడు నెయ్యి చప్పరించి మళ్ళీ వెళ్ళి తూము దగ్గర కూర్చున్నాడు.

సోమవారం గోపాలరావు ఆఫీసు బస్సెక్కేదాకా ఆగి, ఆ తర్వాత దొరబాబు తెల్లటి నురగ కక్కాడు. ఒకటి కాదు, రెండుసార్లు. నురగంటే విషమే! చిన్నప్పుడు లలితకుమారి వాళ్ళ వీధిలో ఎలకలమందు తిన్న కుక్క ఇలాగే కక్కి పోయింది. సిమెంటు బస్తాలున్న చోట ఎలకలుంటాయి. ఎలకలున్న చోట ఎలకలమందు ఉంటుంది. మందు ఎవరి చేతిలో ఉంటుంది? ఆ మాత్రం తెలుసుకోడానికి పోలీసులు రావాలా?

నేల తుడిచి తిరిగి చూసేసరికి వాడు కిటికీలోంచి దాటుకున్నాడు. ఎటు పోయాడోనని డాబా ఎక్కింది. అక్కడినుంచి కనబడింది చూసి పిట్టగోడ పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

మార్తమ్మ పైపు కింద పడేసి ఇసుక కుప్ప మీద గొంతుక్కూర్చుని ఉంది. ఎడమచేత్తో దొరబాబు మెడతోలు దొరకబుచ్చుకుంది. పక్కన స్టీలు మూత. మూతలో తెల్లటి నీళ్ళు. ఆ నీళ్ళు చెంచాతో ముంచి వాడి నోట్లో పోస్తోంది. నాలుగైదు చెంచాలు పోసింది. తర్వాత పొట్ట కింద చెయ్యిపెట్టి మెల్లిగా నొక్కింది. వాడు కెవ్వుమని అరిచి, ఆమె మణికట్టు రక్కి, గోడ దూకి ఇవతల పడ్డాడు.

అమ్మో, అమ్మో! పట్టపగలు, కళ్ళెదురుగా!

"ఏం చేస్తున్నావ్ మార్తమ్మా?" అని ఒక్క కేక వేస్తే వినబడేంత దూరం. వెయ్యలేదు. అడిగితే ఒప్పుకుంటుందా ఎవరైనా? మూత కడిగేసి, ఏం మూత అంటుంది. అంత తెలివితక్కువది కాదు లలితకుమారి. పక్కింటి మెట్లమీద పైపు ఈడ్చుకెళ్ళే చప్పుడు వినబడేదాకా ఆగి కిందికి దిగింది. ఇసుక గోడంత ఎత్తు పోసి ఉంది. చెయ్యి చాపితే మూత అందింది. అడుగున మిగిలిన చెంచాడు నీళ్ళని ఖాళీ మందుసీసాలో వంపి బిరడా పెట్టింది. మూతని కవర్లో వేసి ముడేసింది. మూయకముందు ఫోటో తీసింది.

విషానికి పాలు విరుగుడని వాళ్ళమ్మ చెప్పేది. దొరబాబుని తువ్వాల్లో చుట్టి, సిరంజితో అరగ్లాసు పాలు పట్టించింది. సగం వాడి గొంతులోకి, సగం తన చీరమీదికి. వాడు తన్నుకోలేదు. నిన్నటిదాకా స్నానానికేమోనని సబ్బుపెట్టె చప్పుడుకే పారిపోయే పిల్లి, ఇప్పుడు చెప్పినట్టు మింగాడు. మింగి, వాషింగ్ మెషీన్ వెనక్కి వెళ్ళి పడుకున్నాడు. అరుపు ఆగింది. లలితకుమారి ఊపిరి పీల్చుకుంది. విషం దిగింది, పాపం, అలిసిపోయాడు, నిద్రపోనీ.

భర్తకి ఫోన్ చేసింది. "నువ్వు చూశావా అది విషమేనని?" అన్నాడాయన. "చూడకుండా మాటలనకు. ఓసారి ఆవిణ్ణే అడుగు."

"మీకు మనుషుల్ని నమ్మడం అలవాటైపోయిందండీ," అని పెట్టేసింది.

లేఅవుట్‌లో ఇళ్ళున్నవాళ్ళకి ఒక వాట్సాప్ గ్రూపుంది. ఓనర్లే ఉంటారు అందులో, అద్దెవాళ్ళుండరు. లలితకుమారి మూత ఫోటో పెట్టి కింద రాసింది: "మూగజీవాలకి విషం పెట్టేవాళ్ళు మన మధ్యనే ఉన్నారు. ప్లాట్ నలభై ఒకటి, అద్దెకుండే ఆవిడ. నా కళ్ళతో చూశాను. ఇవాళ పిల్లికి పెట్టింది, రేపు ఎవరి పిల్లలకో? అందరూ జాగ్రత్త."

విజయమ్మ అనే ఆవిడ వెంటనే చేతులు జోడించిన బొమ్మలు నాలుగు పెట్టింది. "అయ్యో, మా మనవడు ఆ ఇసుకలోనే ఆడతాడండీ!" ఇంకెవరో, ఇలాంటి వాళ్ళకి ఇళ్ళెవరిమ్మన్నారని రాశారు. సాయంత్రానికి మధుసూదనే రాశాడు: "సారీ మేడమ్. నేను మాట్లాడి ఖాళీ చేయిస్తాను." లలితకుమారి దానికి దణ్ణం బొమ్మ పెట్టింది. న్యాయం జరిగినట్టే అనిపించింది. ఎక్కడో కాస్త బరువుగా కూడా అనిపించింది గానీ, దాన్ని పట్టించుకోలేదు.

ఇంకా ఎండ పూర్తిగా తగ్గలేదు, గేటు చప్పుడైంది. మార్తమ్మ! మణికట్టుకి పసుపు అద్దుకుని ఉంది. లలితకుమారి తలుపు తియ్యకుండా కిటికీలోంచే చూసింది.

"పిల్లి ఎట్లున్నదమ్మా?"

"బానే ఉంది. పడుకుంది."

"పన్నదా?" మార్తమ్మ ముఖం చిట్లించింది. "దవాఖాన్ల సూపియ్యండ్రి. ఆలిశం జెయ్యొద్దు. మగపిల్లి గది."

చచ్చిందో లేదో చూసిపోవడానికొచ్చింది! దవాఖానాకి వెళ్ళాలట. ఇల్లు తాళం వేసి పోతే ఏం చేద్దామనో? "మాకు తెలుసులే," అని కిటికీ రెక్క మూసేసింది. మార్తమ్మ గేటు దగ్గర కాసేపు నిలబడి, ఏమనుకుందో, చెప్పులీడ్చుకుంటూ వెళ్ళిపోయింది.

రాత్రంతా నిద్రపోతున్నాడనే వదిలేసింది. మంగళవారం పదకొండు గంటలకి వాషింగ్ మెషీన్ వెనక చెయ్యిపెడితే దొరబాబు చెవులు చల్లగా తగిలాయి.

కాళ్ళు పట్టి మెల్లిగా బయటికి లాగింది. వాడు కళ్ళు తెరిచే ఉన్నాడు గానీ ఆవిణ్ణి చూడటం లేదు. తల ఎత్తి వదిలితే నేలకి వాలిపోయింది. పొట్ట దగ్గర చెయ్యి తగలగానే గొంతులోంచి సన్నటి మూలుగొక్కటి వచ్చింది. "నాన్నా, దొరబాబూ, ఒరేయ్..." ఫోన్‌లో క్యాబ్ పిలిస్తే ఒప్పుకున్నవాడు ఒప్పుకున్నట్టే రద్దు చేశాడు. రెండోవాడూ అంతే. తువ్వాల్లో చుట్టుకుని రోడ్డు మీదికి పరిగెత్తింది. అంత ఏడుపులోనూ మూత కవరూ, సీసా సంచిలో వేసుకోవడం మరిచిపోలేదు.

రోడ్డు మీద ఒకే ఒక్క ఆటో ఉంది. జక్కయ్యది.

లలితకుమారి ఆగిపోయింది. ఎక్కడమా, మానడమా? అంతలో పైపు వదిలేసి మార్తమ్మ తడికాళ్ళతో వచ్చేసింది. అడక్కుండానే తువ్వాలు తప్పించి పొట్ట తడిమింది. "ఓ యేసయ్యా! రాయి లెక్కయింది గదా! ఒళ్ళంత సల్లవడ్డది. ఏయ్, ఆటో తియ్యి! జల్దీ, శామీర్‌పేట డాక్టర్ కాడికి."

ఎక్కింది. పక్కనే మార్తమ్మ కూడా ఎక్కింది. ఈవిడెందుకు? తోడా, కాపలానా? డాక్టర్ దగ్గర తను నోరెత్తకుండా చూడ్డానికా? ఆటో గుంతలో పడ్డప్పుడల్లా మార్తమ్మ అరచెయ్యి తువ్వాలు కిందికి పోయి వాడి పొట్టకి దెబ్బ తగలకుండా పట్టుకుంటోంది. లలితకుమారి అది చూసింది. నటన అనుకుంది. మరీ అంత బాగా ఎవరైనా నటిస్తారా అని కూడా అనుకుంది.

శామీర్‌పేటలో డాక్టర్ రవీందర్ క్లినిక్ ఒకటే గది. కాంపౌండరు బర్రెల టీకాలకి ఊళ్ళోకి పోయాడట. డాక్టరొక్కడే ఉన్నాడు. దొరబాబుని స్టీలు బల్లమీద పడుకోబెట్టి, గుండె మీద గొట్టం పెట్టి, నోరు విప్పి చిగుళ్ళు చూసి, పొట్ట మీద చెయ్యివేశాడు. చెయ్యి అక్కడే ఆగింది.

"ఎప్పటి సంది ఒంటికి పోతలేదు?"

"మొదట్నుంచీ అంతేనండీ," అంది లలితకుమారి కళ్ళు తుడుచుకుంటూ. "ఎంత పెట్టినా ఒంటికి పట్టదు వాడికి. కానీ ఇది తిండి సంగతి కాదు డాక్టర్‌గారూ, విషం..."

డాక్టర్ తలెత్తి ఆవిడకేసి ఒక క్షణం అయోమయంగా చూశాడు. "తిండి ముచ్చట కాదమ్మా నేనడిగేది. ఒంటికి. ఒంటేలు. మూత్రం ఎప్పటినుంచి బందయిందని."

లలితకుమారి వేళ్ళు ముడిచి రోజులు లెక్కపెట్టబోయింది.

"శనివారం మాపటి సంది సార్," అంది మార్తమ్మ వెనకనుంచి. "దినాం మా ఉస్కెల గుంత తవ్వి పోస్తది. శనివారం మాపున రెండు సుక్కలు వడ్డయి, గా సుక్కలు గూడ ఎర్రగున్నయి. ఆదివారం పొద్దుగాల కూసుంటాంది లేస్తాంది, ఉస్కె తడుస్తలేదు. అమ్మకు గప్పుడే జెప్పిన."

చెప్పింది. గోడ దగ్గర నిలబడి, చర్చికి ఆలస్యమవుతున్నా ఆగి, తెలుగులోనే చెప్పింది. రెండు రోజులు! ఈ రెండు రోజులూ తనేం చేసింది? కానీ అనుమానమనేది అంత తేలిగ్గా వదులుతుందా? లలితకుమారి సంచిలోంచి సీసా తీసింది. "మరి ఇదేంటి? ఇది నువ్వు వాడికి పట్టలేదూ?"

డాక్టర్ బిరడా తీసి వాసన చూశాడు. వేలితో తీసి నాలుకకి రాసుకున్నాడు. "బార్లీ నీళ్ళు. పులిసినయి."

"మూత్రం జారీ అయితదని తాపిన సార్," అంది మార్తమ్మ. "మా ఆయనకు రాళ్ళున్నప్పుడు గదే తాగిండు." అని లలితకుమారి చేతిలోని కవరుకేసి చూసింది. "గా మూత మాదే గదమ్మా. నిన్నటి సంది దేవులాడుతాన."

"ఇంకేమన్న పోసిన్రా?" అన్నాడు డాక్టర్ గబగబా సెలైన్ సూది గుచ్చుతూ.

"పాలు," అంది లలితకుమారి. "అరగ్లాసు."

"బాగుంది! గోడకు అటునుంచి బార్లీ, ఇటునుంచి పాలు. బయటికి పోయే దారి మాత్రం బందు! మగపిల్లికి ఆ దారి సూదంత సన్నగుంటదమ్మా. కొంచెం ఇసుక లాంటిది అడ్డం పడితే అయిపాయె. కూర్చుంటాంది, లేస్తాంది, అరుస్తాంది, ఒక్క చుక్క రాలేదంటే ఆ రోజే ఉరికి రావాలె. విషం లోపల్నే తయారైతది. గుండె ఇప్పటికే మెల్లగ కొట్టుకుంటాంది. నిండ మత్తిచ్చే ధైర్యం లేదు. సగం మత్తుతోనే గొట్టం వేస్త. ఎవరు పట్టుకుంటరు?"

లలితకుమారి ముందుకొచ్చింది. చేతులు గజగజ వణుకుతున్నాయి. డాక్టర్ ఆ చేతులు చూసి మార్తమ్మకేసి తలూపాడు.

మార్తమ్మ కొంగు బిగించి, ఒక చేత్తో మెడతోలు, ఒక చేత్తో వెనక కాళ్ళు పట్టుకుంది. నిన్నటి రక్కు మీదే వాడి గోరు మళ్ళీ దిగింది. ఆమె పళ్ళు బిగించింది తప్ప చెయ్యి తియ్యలేదు. డాక్టర్ దారంలాంటి గొట్టం పట్టుకుని వంగాడు. అది పోవడం లేదు. నీళ్ళు ఎక్కించి మళ్ళీ ప్రయత్నించాడు.

అప్పుడు మార్తమ్మ నడుముకి దోపుకున్న చిన్న సంచిలో ఫోన్ మోగింది.

"జర తీసి నా చెవికాడ వెట్టమ్మా," అంది మార్తమ్మ తల తిప్పకుండా.

లలితకుమారి ఫోన్ తీసింది. తెర మీద 'ఓనర్ సార్' అని ఉంది. ఎందుకు చేస్తున్నాడో ఆ గదిలో తనకొక్కదానికే తెలుసు.

"ఎవరు?"

"మధుసూదన్‌గారు."

"ఎత్తు మరి. గోడలకు నీళ్ళు గొట్టినవా అని అడుగుతడు. సగం గొట్టిన, వొచ్చినంక మిగిలింది గొడత అని జెప్పు."

కట్ చెయ్యొచ్చు. మోగి మోగి ఆగనివ్వొచ్చు. ఇంటికెళ్ళాక ఆయనకి విడిగా ఫోన్ చేసి, పొరపాటైందండీ అని మెల్లిగా సర్దుకోవచ్చు. ఆ మెసేజ్ సంగతి మార్తమ్మకి ఎప్పటికీ తెలియకపోవచ్చు కూడా. ఇవన్నీ లలితకుమారికి ఒక్క క్షణంలో తట్టాయి. తట్టినందుకు తన మీద తనకే అసహ్యం వేసింది. ఫోన్ ఎత్తి తన చెవికే పెట్టుకుంది.

"మధుసూదన్‌గారూ, నేను లలితకుమారిని. పక్క ప్లాటు."

"మేడమ్, మీరా?" ఆయన గొంతు పెద్దది. చిన్నగదిలో అందరికీ వినబడింది. "ఆమె ఫోన్ మీ దగ్గరుందేంది? ఆమెకే చేసిన, ఇయ్యాలనే ఖాళీ చెయ్యమని చెప్దామని. పిల్లికి విషం పెట్టిందంటే ఇగ మనుషులకు..."

మార్తమ్మ తల ఎత్తింది.

"ఆవిడ విషం పెట్టలేదండీ," అంది లలితకుమారి. "అవి బార్లీ నీళ్ళు. వాడికి జబ్బు చేసిందని నాకు ఆదివారమే చెప్పింది. నాకే అర్థం కాలేదు. గ్రూపులో తెలియక రాశాను." ఒక్క క్షణం ఆగింది. "తెలియక కాదండీ. అడక్కుండా రాశాను. ఖాళీ చెయ్యమనకండి. తప్పు నాది."

అవతల ఆయన ఏదో అంటున్నాడు. ఆవిడకి వినబడటం లేదు. మార్తమ్మ తననే చూస్తోంది. ఆ చూపులో కోపం ఉందని కూడా చెప్పడానికి లేదు. కోపమే అయితే బాగుండేది.

"ఒస్తాంది! కదలనియ్యకు, గట్టిగ పట్టు!" అన్నాడు డాక్టర్.

మార్తమ్మ చూపు దించి మళ్ళీ పిల్లి మీద పెట్టింది. గొట్టంలోంచి ఎర్రటి నీరు స్టీలు పళ్ళెంలో పడింది. ముందు బొట్లుగా, తర్వాత ధారగా. దొరబాబు పొట్ట మెల్లగా దిగింది. వాడు పొడుగ్గా ఊపిరి వదిలాడు. పళ్ళెం నిండితే డాక్టర్ ఇంకోటి పెట్టాడు. "ఇయ్యాల, రేపు ఇక్కడనే ఉండాలె. గుండె నిలబడితే బతుకుతది. గొట్టం కుట్టు వేసేదాక పట్టుకునే ఉండు."

"పట్టుకున్న సార్."

లలితకుమారి బల్ల దగ్గరికి వెళ్ళి ఫోన్ మార్తమ్మ సంచిలో పెట్టింది. "ఇటివ్వు మార్తమ్మా, చేతికి రక్తం కారుతోంది. నేను పట్టుకుంటా."

"వద్దు," అంది మార్తమ్మ. "అడిగితే జెప్పకపోదునా అమ్మా? నడుమ ఒక గోడనే గద. నేనేమన్న దుబాయిల ఉన్ననా?"

లలితకుమారి గోడ పక్కనున్న స్టూలు మీద కూర్చుని తన ఫోన్ తెరిచింది. గ్రూపులో డెబ్బై ఒక్క మెసేజులు. చివర్న తను రాయాల్సింది రాసింది. రెండుసార్లు దిద్దింది, పంపింది. "గ్రూపులో పెట్టాను మార్తమ్మా. నీ తప్పేం లేదని, తప్పంతా నాదని. నువ్వు అందులో లేవు కదా, చదవనా?"

మార్తమ్మ దొరబాబు వెనక కాళ్ళమీద పట్టు సరిచేసుకుంది. అరికాళ్ళు కొంచెం వెచ్చబడ్డాయేమోనని బొటనవేలితో రాసి చూసింది.

"గది తర్వాత," అంది. "ఫస్టు రాసింది సదువు. అందరు సదివిన్రు గద నా గురించి. నేను గూడ ఇంట."

డాక్టర్ కుట్టు వేస్తూ తలెత్తలేదు. బయట ఆటోలో జక్కయ్య ఎవరితోనో మాట్లాడుతున్నాడు. లలితకుమారి వేలితో మెసేజులు పైకి, ఇంకా పైకి జరిపింది. స్టీలు మూత ఫోటో వచ్చింది. దాని కింద తన పేరు, తన మాటలు.

గొంతు సవరించుకుంది. చదవడం మొదలుపెట్టింది.